ఏటి కూర?

యారాడ కొండ మీద
పాత దీపస్తంభం ఉండిన చోట
ఇప్పుడొక ఎర్రరాయి ఉంటుంది.
నా ఎత్తు. నా నడుమంత లావు.
నలభై ఎనిమిది ముఖాలు.
రోజూ రాత్రి రెండో జామున
మంచినీళ్ళలో తడిపిన నూలుగుడ్డతో
ఒక్కో ముఖం మీది ఉప్పూ తుడవడం నా పని.
నాకు ముందు మా మేనత్త తుడిచింది.
ఆమెకు ముందు ఎవరో, రాయికి తెలుసు.

దీన్ని ఎవరూ చెయ్యలేదు.
నీరు జగదాంబ దాకా ఎక్కిన ఏడు
కొండ కడుపులో సొరంగం తవ్వుతుంటే
పలుగు తగిలి
"మెల్లగా" అందట.
అదీ దాని మొదటి మాట.

మెట్టుపెద్దలు పన్నెండుగురు
వెలుతురు భాషలో దానికి లెక్కలు నేర్పారు:
ఆటుపోట్లు, గాలివాటాలు, గోడల బరువు,
ఏ వీధిలో ఎన్ని పొయ్యిలు.
యాస మాత్రం తుడిచేవాళ్ళ దగ్గర పట్టుకుంది.
సభలో గ్రంథంలా మాట్లాడేది
నేనొక్కదాన్నే ఉన్నప్పుడు
"ఒలే నూకరత్నం, ఏటి కూరొండేవు?" అంటుంది.
నెత్తళ్ళూ వంకాయా అంటే
వంకాయ ముందేసేవా, నెత్తళ్ళు ముందేసేవా అని ఆరా.
తినలేనిదానివి, నీకెందుకే అంటే
"ఎందుకో తెలిస్తే అడగను కదే."

ఏటా ఆషాఢ అమావాస్యకి
ఊరు ఒక వీధిని సముద్రానికి ఇవ్వాలి.
ఇస్తే మిగతా గోడలు ఏడాది నిలుస్తాయి.
ఏ వీధో రాయి చెబుతుంది.
ఎవరి మీదా కోపం కాదు, లెక్క.
కోటవీధి అలాగే పోయింది.
పూర్ణా మార్కెట్ పోయిన ఏడు
నీళ్ళ మీద మూడు రోజులు చింతపండు వాసన.

ఈ ఏడు సభకి ముందు రాత్రి
రాయి కూర అడగలేదు.
ఇరవయ్యో ముఖం తుడుస్తుంటే
"ఈపాలి మీ వీధే" అంది.

మా వీధంటే
పదకొండు గడపలు, ఒక కుళాయి,
సూరాడ గరగయ్య వలలల్లే అరుగు,
నేను పుట్టిన గది. అందులో ఇప్పుడు కోళ్ళు.

"ముప్పై ఒకటో ముఖం వదిలీ.
ఉప్పుంటే వెలుతురు వంకరపోద్ది.
లెక్క తప్పుతాది.
ఎవులికీ తెలీదు."

"అప్పుడేది పోద్ది?"

రాయి ఊరుకుంది.
నేను బకెట్లో గుడ్డ ముంచి, పిండి, మళ్ళీ ముంచాను.

"కంచరపాలెం కింద మెట్టు. సీతాఫలాల సందు."

ఆ సందులో నాకెవరూ లేరు.
ఒకసారి జడివానలో
పేరు తెలియని ముసలాయనొకడు
నా చేతిలో గొడుగు పెట్టి
తలుపేసుకుని లోపలికెళ్ళిపోయాడు.
తిరిగి ఇవ్వలేదు. ఇంట్లోనే ఉంది.

ముప్పై ఒకటో ముఖం ముందు
ఎంతసేపు నిలబడ్డానో రాయికి తెలుసు.
కింద రేవులో మునిగిన క్రేన్ల తలల మీద
నీటికాకులు నిద్రపోతున్నాయి.

తుడిచాను.

గొప్పదాన్నని కాదు.
చెయ్యి అలవాటు పడిపోయింది, అంతే అనుకుంటాను.
ఒక్కోసారి గొడుగు వల్ల అనుకుంటాను.
ఒక్కోసారి మధ్యరాత్రి లేచి కూర్చుని
ఏమీ అనుకోను.

తెల్లారి సభలో రాయి
గ్రంథం గొంతుతో మా వీధి పేరు చెప్పింది.
ఎక్కడా తడబడలేదు.
గరగయ్య వలని భుజాన వేసుకుని మెట్లెక్కాడు.
కోళ్ళని గంపలో మోశాం.
పక్కింటి బోడెమ్మ కుళాయి విప్పి తెచ్చుకుంది.
నీళ్ళు లేని కుళాయి ఎందుకే అంటే
"ఏం, మెరుస్తాది కదా" అంది.

నీళ్ళు మా గడపలు దాటిన రాత్రి కూడా
గుడ్డ తడుపుకుని కొండెక్కాను.
ఒకటి నుంచి నలభై ఎనిమిది దాకా మాట లేదు.
ముప్పై ఒకటో ముఖం మీద ఉప్పు
ఎప్పటికన్నా మందంగా ఉంది.
గాలి అటు వైపు నుంచి రాలేదు.

గుడ్డ పిండుతుంటే వెనక నుంచి, మెల్లగా,
"ఏటి కూర?"

పదహారు రోజులైంది.
రోజూ అడుగుతుంది.
నేనూ రోజూ వండుతూనే ఉన్నాను,
కొత్త మెట్టు మీద, ఎవరిదో పొయ్యి మీద.
ఇవాళ కవ్వళ్ళ పులుసు.
ఇంకా చెప్పలేదు.