తమ్ముడు కట్టిన కట్టు

పుత్తూరులో మా ఇంటి వరండా. మంగళవారం, పదిహేడు మంది.
మామిడి చెట్టు మీంచి పడిన కుర్రోడు,
నగరి నుంచి మగ్గం గుంటలో జారిన ఆమె,
అందరూ మూలుగుతా ఉంటే
ఊరికే కూర్చున్నది ముసలాయన ఒక్కడే.

పేరు చెంగల్రాయుడు అన్నాడు.
ఊరు? అని మా నాయన అడిగితే
కొంచెం ఆలోచించి,
ఇదే, అన్నాడు.

నేను గుడ్డ చించుతా ఉన్నాను.
గిన్నెలో తెల్లసొన నురగ కట్టింది.
మా నాయన ఆ కాలును మోకాటి కింద నుంచి
బొటనవేలితో తడుముకుంటా పోయి
ఒకచోట ఆగినాడు.
"నలభై ఏండ్ల కిందట ఇరిగిన ఎముక.
ఎవురు కట్టినారు?"

"తమ్ముడు. ఏకాంబరం.
వానికప్పుడు పద్నాలుగు."

మలయా రబ్బరు తోట. ఆపైన జపానోళ్లు.
మూడు నెలల పనని చెప్పి
సయాం అడవిలో రైలు పట్టాలు.
పాకలో రెండు వందల మంది,
వానలు వెలిసేసరికి ముప్పై ఒక్కరు.
కిరాణా లెక్క అప్పజెప్పినట్టు చెప్పినాడు.
గొంతు మారింది వెదురు అన్నప్పుడే.

"దుంగ పడింది.
నడవలేనోళ్లను జబ్బోళ్ల పాకలో వేస్తారు,
అక్కడ అన్నం లేదు.
చిన్నప్పుడు మేమిద్దరం మీ కిటికీ ఊచలకు యాలాడి
మీ తాత కట్టేది చూసేవాళ్లం.
అది తలుచుకుని కట్టినాడు, చీకట్లో,
వెదురు బద్దలు, గోనెసంచి పీలికలు.
గుడ్లు యాడ దొరుకుతాయి?
గంజి పూసినాడు.
వాని గంజి."

పక్క నెలలో కలరా, అని
ఆయన మా గిన్నె వైపు చూసినాడు.

"వంకరగా అతుక్కుంది. మళ్లీ విరిచి కడితే..."
మా నాయన అలవాటు కొద్దీ అనేసినాడు.
ముసలాయన గబుక్కున కాలు లాక్కున్నాడు.
"కట్టించుకోను రాలేదయ్యా.
వాడు సరిగ్గా కట్టినాడా లేదా,
అది చెప్తే చాలు."

మా నాయన మళ్లీ తడిమినాడు,
ఈసారి కళ్లు మూసుకుని.
బయటి పక్క, పిక్క మీద,
ముడి ఒరిసిన మచ్చ, చింతగింజంత.
"బద్దలు మూడే పెట్టినాడు. నాలుగు పెట్టాల.
ముడి మాత్రం మాదే."

ఆ కిటికీ యాడుంది అని అడిగినాడు పోతా పోతా.
పూడ్చేసి బీరువా పెట్టినాము.
బీరువా పక్కన సున్నం గోడ మీద
కాసేపు చెయ్యి పెట్టుకున్నాడు.

స్టేషను దాకా నేను తోడు పోయినాను.
మద్రాసు బండి అవతలి ప్లాట్‌ఫారం మీద.
అందరూ పట్టాలు దాటే పోతారు,
నాలుగడుగులు.
ఆయన దాటలేదు.
వంతెన మెట్లెక్కినాడు, ఆ కాలుతోనే,
ఒక్కో మెట్టు మీదా రెండు పాదాలూ ఆనించి.
బండి కూత వేసింది.
తొందరపడలేదు.