మూడో రాత్రి

అవినాశ్ తాటికొండావార్ సినిమాకు కథ లేదు.
ఒక్కటే షరతు: ఎవరూ నిద్రపోవద్దు.
సిరొంచలో మూతబడ్డ వడ్ల మిల్లు,
రెండు ప్లాస్టిక్ కుర్చీలు, ఒక బల్బు,
బల్బు చుట్టూ ఉసిళ్ళు.
ఒకరు అడగాలె, ఒకరు చెప్పాలె. అంతే.

ఈ దిక్కు రాజూబాయి,
ముప్పై ఏండ్లు ఊరూరా తిరిగి
జ్వరమొచ్చినోళ్ళ వేలు గుచ్చి
గాజుపలక మీద నెత్తుటి చుక్క పట్టిన మనిషి.
ఆ దిక్కు లసుమయ్య,
ప్రాణహిత మీద వంతెన పడ్డంక
పడవను బోర్లేసి కోళ్ళగూడు చేసుకున్నోడు.
హెడ్‌ఫోన్లు పెట్టుకుని మూలకు నేను.

మొదటి రాత్రి పత్తి ధర, పెసళ్ళ ధర.
రెండో రాత్రి తిట్టుకున్నరు.
ఎందుకో నాకు యాది లేదు.
మిషన్‌కు ఉన్నది.

మూడో రాత్రి, నాలుగు దాటినంక,
మాటకూ మాటకూ నడుమ ఉండే సందు
ఇసుకల నీళ్ళు ఇంకినట్టు ఇంకింది.
ఆమె అడగకముందే ఆయన జవాబు చెప్పిండు.
ఆ జవాబుకు ఆమె ప్రశ్న వెతికింది,
చీకట్ల చెప్పు వెతికినట్టు, కాలితో.
తెలుగులో బయలెల్లిన వాక్యం
మరాఠీలో మలుపు తిరిగి
మాడియాలో ఒడ్డుకు తగిలింది.
ఎవరూ దిగలేదు.

"వేలు ఇటియ్యి, భయపడకు" అన్నడు లసుమయ్య.
అది ఆమె మాట.
"మోకాళ్ళ దాకనే నీళ్ళు, దిగుండ్రి" అన్నది రాజూబాయి
సిమెంటు గచ్చు మీద
చీర కుచ్చెళ్ళు పైకి పట్టుకుని.
నవ్వు రాలేదు ఎవరికీ.
పిచ్చి అననీకి లేదు. మత్తు అననీకి
ఇప్పసారా వాసనన్నా లేదు ఆ మిల్లుల,
పాత తవుడు వాసన తప్ప.

నెల తర్వాత చంద్రపూర్‌ల గది తలుపేసుకుని విన్న.
నాలుగూ పన్నెండుకు మూడో గొంతు:
"అవుతలి ఒడ్డున ఎవరున్నరు?"
ఆగి, మళ్ళా అదే.
అవినాశ్ కాదు, వాడు బయట బీడీ ముట్టిస్తున్నడు,
అగ్గిపుల్ల గీసిన చప్పుడు కూడా పడ్డది.
గొంతు నాది.
నేను నిద్రపోలేదు, ఒట్టు.
అడిగిన గుర్తు మాత్రం లేదు.

ఇద్దరూ ఒక్కసారే జవాబిచ్చిన్రు.
వేగం తగ్గించి విన్న, వడగట్టి విన్న.
ఒక పేరు లెక్క వినబడుతది.
ఎవరి పేరో.

దుప్పటి మీద సినిమా ఏసినప్పుడు పదకొండు మంది వచ్చిన్రు.
లసుమయ్య నడుమనే లేచి కోళ్ళు కమ్మనీకి పోయిండు.
తెర మీది తనను చూసి రాజూబాయి
"ఈమెకు జ్వరం ఉన్నట్టుంది, నెత్తురు చూడాలె" అన్నది.

చివరికి పేర్లు పడ్డయి.
దుర్గం చిన్నబాపు, శబ్దం.
ఇంకింత కిందికి పోయినంక మళ్ళా
దుర్గం చిన్నబాపు.
పక్కన ఏమీ రాయలేదు.