మూడో పిలుపు

కొమారి పోలేరయ్యా... పోలేరయ్యా...
కావలి కోర్టు వరండాలో నిలబడి
రెండుసార్లు పిలిచాను.

మనిషి కనపడతానే ఉన్నాడు
ప్రహరీ పక్క టీ బంకులో,
చెప్పుల అంచున ఇస్కపల్లి ఉప్పు.
ఎదురుగా ప్రతివాది మస్తానయ్య
ఒక టీని రెండు గ్లాసుల్లోకి వంచుతూ.

జానెడు మడిగట్టు.
పదకొండేళ్ళ వాయిదాలు.
వచ్చేదీ పొయ్యేదీ ఇద్దరూ ఒకే బస్సులో.

మూడోసారి అరిచాను.
పోలేరయ్య తలెత్తి నన్ను చూసి,
ఆకాశం చూసి,
"మబ్బేసింది అబ్బయా,
కుప్పల మీద తాటాకు కప్పాల, పా" అన్నాడు
మస్తానయ్యతో.

లోపలికెళ్ళి "లేడండీ" అన్నాను.
అయ్యగారు కొట్టేశారు.

ఇరవై రెండేళ్ళ సర్వీసులో
నేనాడిన అబద్ధం అదొక్కటే
అని అనను గానీ,
ఆ పూట చినుకు పడకముందే
వాళ్ళకి బస్సు దొరికుంటే బాగుణ్ణు.