పై వరుసలో రెండోది

ఆరేళ్ళప్పుడు నా ముందు పన్ను ఊడింది,
బుధవారం, రెండో టేక్‌కి ముందు,
సగం కొరికిన ఆపిల్ ముక్కలో గుచ్చుకుని.
నవ్వింది నేనొక్కణ్ణే.
డైరెక్టర్ గడియారం చూసుకున్నాడు.
మేకప్ ఆవిడ అయ్యో అంది, నా గురించి కాదు.

కథలో టోబీకి ఐదేళ్ళు.
ఇంకో రెండు సీజన్లు ఐదేళ్ళ దగ్గరే ఉండాలి.
సాయంత్రం ఒకతను వచ్చి నా నోట్లో
చల్లటి గులాబీ ముద్ద కుక్కి అచ్చు తీసుకెళ్ళాడు.
తెల్లారేసరికి పన్ను తయారు,
అసలుదానికన్నా తెల్లగా.
దాని వెనక కొత్తది మొలుస్తూ పొడిచేది.
నేను పెరుగుతున్నాననడానికి
సెట్టు మీద అదొక్కటే సాక్ష్యం.

ఇంట్లో నేను వర్తాన్.
తెర మీద వెర్నన్ మార్ష్.
గ్లెండేల్‌లో బూట్లు కుట్టే మా నాన్నకి
ఆ పేరు నోరు తిరక్క మావాడు అనేవాడు.
నవ్వొస్తే చెయ్యి అడ్డం పెట్టుకునేవాడు,
పైన నాలుగు లేవు.
నా డబ్బుతో కట్టించుకోమంటే
"నీ నోటి కూడు నా నోట్లో పెట్టుకోనా" అన్నాడు.

టీవీ నాన్న వేరు. ఆర్డెన్ పైక్.
గురువారం రాత్రుళ్ళు, నేనేం చేసినా,
ఇరవై రెండో నిమిషానికి క్షమించేసేవాడు.
మంచం అంచున కూర్చుని
ఒక పక్కగా నవ్వేవాడు.
ఎడమవైపు రెండో పన్ను పక్కదాని మీదికి వాలి ఉండేది,
బస్సులో ఎవరి భుజం మీదో
నిద్రపోయినవాడిలా.
కెమెరా ఆగితే ఆ పన్ను మళ్ళీ కనబడేది కాదు.
ఏడేళ్ళలో ఒక్కసారి, నాకు జ్వరమొస్తే,
తన కోటు తీసి కప్పాడు.
అప్పుడూ నవ్వలేదు.
దాన్ని ఏ ఖాతాలో వెయ్యాలో
ఇప్పటికీ తేలలేదు.

పదమూడో ఏట గొంతు బొంగురుపోయింది.
రచయితలు టోబీని వేసవి శిబిరానికి పంపారు.
ఇంకా తిరిగి రాలేదు వాడు.
వెతకమని ఎవరూ అడగలేదు.

తర్వాత ఒక సూపర్ మార్కెట్ రిబ్బను,
ఒక బర్గర్ ప్రకటనలో నా మోచెయ్యి.
తర్వాత ఆ మాట మాత్రమే మిగిలింది:
"నేను కాదు, కుక్క!"
పెట్రోలు బంకులో అనమన్నారు.
ట్రాఫిక్ కోర్టులో జడ్జిగారు, చలానా రాస్తూనే, అనమన్నారు.
నాన్నని పూడ్చిన రోజు
గొయ్యి తవ్వినతను టోపీ తీసి మరీ అడిగాడు.
అన్నాను.
మంచివాడే, ఇంకాస్త మట్టి
తన చేత్తో సర్ది వెళ్ళాడు.

పళ్ళు ఊడగొట్టుకోవడానికి ఏ రాయైతేనేం.
కట్టడానికి మాత్రం మంచి రాయి కావాలి.
ఇరవై రెండేళ్ళుగా సిరానుష్ గారి ల్యాబులో
పసుపు రాతిపొడి నీళ్ళలో కలిపి
ఊరివాళ్ళ దవడలు పోస్తున్నాను.
నోళ్ళు వస్తాయి, మనుషులు రారు.
ఎవరూ ఏమీ అనమనరు.

పోయిన నెల ఒక చీటీ:
పైక్, ఎ. ఎనభై ఏడు. పై దవడ మొత్తం.
వరుస తిన్నగా ఉండాలి.
అచ్చులో పన్నన్నది లేదు,
అల వెళ్ళిపోయాక ఇసకలా
చిగురు గట్టు మాత్రం.

మైనంలో పద్నాలుగూ తిన్నగా గుచ్చాను.
చక్కటి పళ్ళు. ఎవరివైనా కావచ్చు.
భోజనానికి వెళ్ళి వచ్చాను.
దీపం వెలిగించి, చాకు మొన కాల్చి,
ఎడమవైపు రెండోదాని మొదట్లో మైనం కరిగించి
వేలితో నెట్టాను,
పక్కదాని భుజం మీదికి.

సిరానుష్ గారు కళ్ళద్దాలు నుదుటి మీంచి దించుకుంది.
ఎరెవాన్‌లో పెరిగిన మనిషి,
మా షో ఒక్క నిమిషం చూసి ఎరగదు.
"ఈ వంకర ఎవరు పెట్టారు?"

నేను కాదు, కుక్క, అన్నాను.

ఆవిడ వంగి
బల్ల కింద చూసింది.