కుడి అంచు కుట్టు

ఇన్నెస్ మక్‌కిర్డీ గురించి
పేపర్లవాళ్లకు తెలిసింది గోల్స్ లెక్క.
నాకు తెలిసింది బురద.

కార్నిగల్ రోవర్స్ మైదానం వెనక, రేకుల గదిలో
ముప్పై నాలుగేళ్లు వాళ్ల బట్టలు ఉతికాను.
ఉత్తర సముద్రపు గాలికి తీగ మీది చొక్కాలు
ఆరేవి కావు, ఉప్పెక్కేవి.

పదిహేడేళ్లప్పుడు చేపల రేవు నుంచి నేరుగా వచ్చాడు.
మెడ వెనక హెర్రింగ్ పొలుసు ఒకటి అంటుకునే ఉంది.
వాడికిచ్చిన తొమ్మిదో నంబర్ చొక్కా
మోకాళ్ల దాకా జారేది.
మొదటి శనివారం
ఒక్క మరక లేకుండా తిరిగొచ్చిందది.
బంతి వాడి దగ్గరికే రాలేదట.
"ఇది ఉతకక్కర్లేదు మిసెస్ ట్రేల్" అన్నాడు, నేల చూస్తూ.
ఉతికాను. కాలర్ తడిగా ఉంది.
ఆ రోజు వాన కురవలేదు.

ఆ తర్వాత పదకొండేళ్లు
ఛాతీ మీద బురదంటే, ఎగిరి తలతో కొట్టాడని.
ఎడమ తుంటి మీద పచ్చికంటే, ఎవడో కాలు అడ్డం పెట్టాడని.
వీపంతా బురదైతే
గోల్ పడిందని, మిగతా పదిమందీ మీద పడ్డారని.
స్కోరు నాకెవరూ చెప్పక్కర్లేదు,
బకెట్లో చదువుకునేదాన్ని.
పబ్బులో మాత్రం
"ఇన్నెస్ వాళ్లని ఉతికి ఆరేశాడు" అనేవారు.
ఉతికేది నేను, ఆరేసేది నేను,
పేరు వాడిది.

ఫిబ్రవరిలో, గడ్డకట్టిన నేల మీద
మోకాలు తిరిగిపోయిన రోజు
చొక్కా శుభ్రంగానే ఉంది.
కత్తెరతో కోసిన మేజోడు ఒకటి తెచ్చిచ్చారు.
దాన్నేం చేయాలో ఎవరూ చెప్పలేదు.
సబ్బుల డబ్బాలో ఉంది ఇప్పటికీ.

మేనేజర్‌గా తిరిగొచ్చినప్పుడు
వాడు కాస్తా ఆయనయ్యాడు.
పొడుగు నల్ల కోటు. దానికి బురదంటదు.
నాకిక పని లేదనుకున్నాను.
కానీ ప్రతి సోమవారం
కుడి అంచు కుట్టు విడిపోయి వచ్చేది.
మూడుసార్లు కుట్టాను. నాలుగోసారి
టీ కెటిల్ వదిలేసి గీత దగ్గరికెళ్లి నిలబడ్డాను.
వింగ్ నుంచి బంతి గాల్లోకి లేచింది.
గోల్ ముందు కుర్రాడు ఇంకా ఆలోచిస్తున్నాడు.
గీత ఇవతల ఆయన కుడికాలు
అప్పటికే కొట్టేసింది
గాలిని.

జేబులు ఖాళీ చేస్తే కాగితాలు దొరికేవి, పదకొండేసి పేర్లు.
ఒకదాంట్లో తొమ్మిదో పేరు కొట్టేసి,
మళ్లీ రాసి, మళ్లీ కొట్టేసి,
పెన్ను కాగితాన్నే చింపింది.
లాక్లన్ గెడ్డెస్. పందొమ్మిదేళ్లు.
ఆ సాయంత్రం పిల్లవాడు బూట్లు సంచిలో వేసుకుని వెళ్లిపోతుంటే
ఆయన గేటు దాకా నడిచాడు.
ఏమన్నాడో గాలి విననివ్వలేదు.
చేయి మాత్రం వాడి మెడ వెనక తడిమింది,
పొలుసేదో దులుపుతున్నట్టు.

వరసగా ఏడు ఓటములు. మంగళవారం ఒక ఫోను.
పన్నెండు నిమిషాల్లో గది ఖాళీ.
కోటు కొక్కేనికే ఉండిపోయింది.
ఛైర్మన్ పడేయమన్నాడు.
నేను రేవుకెళ్లి వలలల్లే దారం అడిగి తెచ్చుకున్నాను.

జూన్‌లో మా తలుపు తట్టాడు.
కొంచెం ఒళ్లు చేశాడు, మెట్లెక్కితే కుంటుతున్నాడు.
కోటిచ్చాను.
"ఇంకేం చేసుకుంటాను దీన్ని" అన్నాడు,
టీ చల్లారనిచ్చాడు,
వాళ్లమ్మ నడుం నొప్పి గురించీ, చేపల ధర గురించీ మాట్లాడాడు.
వెళ్లేముందు గుమ్మంలో ఆగి
కుడి అంచు పట్టుకుని
గట్టిగా ఉందో లేదో లాగి చూశాడు.
రెండుసార్లు.