కోసేసిన ముక్క

మార్కాపురం పలకల మీద
ఇరవై రెండు నిమిషాల డాక్యుమెంటరీ తీశాను.
గనిలోతు ఎంత, కూలి ఎంత,
దగ్గు ఎన్నేళ్లకు మొదలవుతుంది,
అన్నీ రెండుసార్లు సరిచూసుకున్న లెక్కలే.

చెక్కచట్రాలు బిగించే షెడ్డులో
మస్తానమ్మ మనవరాలు ఖాజాబీ
కెమెరాని వదిలి నా వైపు చూసి అడిగింది:
"అక్కా, రాయికి తన మీద రాసింది చదవటం వచ్చిద్దా?"

మైకులో రంపం మోత. ఎడిటర్ కోసేశాడు.
సరేనన్నాను, అది సమాచారం కాదు గదా.

తర్వాత పదకొండేళ్లు
రొయ్యల గుంటలు, కనిగిరి నీళ్లలో ఫ్లోరైడు,
ఒక అవార్డు, దాని మీద నా పేరులో అచ్చుతప్పు.
ఆ ముక్క మాత్రం చెవిలో ఇరుక్కుని ఉంది.

ఒక రాత్రి కంభం బస్సులో, టిక్కెట్టు వెనక
"అనగనగా చదువురాని ఒక రాయి" అని రాశాను.
ఉద్యోగం మానలేదు,
పిల్లల పుస్తకాలు ఇంటద్దె కట్టవు.

పుస్తకం పట్టుకెళ్తే షెడ్డుకి తాళం.
ఖాజాబీ తర్లుపాడు రోడ్డులో కుట్టుమిషను ముందు,
నోట్లో దారం, ఒళ్లో కొడుకు.
పేజీలు తిప్పింది. నవ్వలేదు.
"పలకని తెల్లగా ఏశారేందక్కా?
మన రాయి నలుపు గదా."

రెండో ముద్రణలో దిద్దించాను.