బోర్లా పడుకున్న బండ

కొత్త నల్లా పైపు కోసం
మట్టికోట లోపలి మా గల్లీని
నడుము లోతు చీల్చిన్రు.

పొద్దటి సంది ఓదెలు గడ్డపారకు
మన్ను కన్నా రాయే ఎక్కువ తగులుతున్నది.
గులకరాయైతే కసిరినట్టు చప్పుడు,
నల్లరాయైతే
లోపల ఎవరో ఉండి కూడా పలకనట్టు.

మా వాకిట్లకు వచ్చేసరికి
బట్టలుతికే బండ అడ్డమొచ్చింది.
మా అత్త కొమురమ్మ కాపురానికి వచ్చేనాటికే
అది ఆడ ఉన్నదట.
నా రెండు పురుళ్ళ గుడ్డలు దానిమీదనే ఉతికింది,
మామ పోయిన రోజు పక్కబట్టలు,
ఆజంజాహీ మిల్లు మూతబడ్డ నెల
ఆయన ఆఖరిసారి విప్పిన ఖాకీ అంగీ.
అరిగి అరిగి నడుమ పళ్ళెమంత గుంట,
వానొస్తే పిచ్చుకలకు చెరువు.

యాకూబ్ జేసీబీ పండ్లు కిందికి పెట్టి
పసిపిల్లను పక్క మార్చినట్టు
మెల్లగా తిరగేసిండు.

కింద హంసలు.
ఒకదాని తోకకు ఇంకోదాని ముక్కు,
వరుసగా ఏడు.
ఎనిమిదోదానికి మెడ లేదు.
ఉలి మలిచిన మెడను
సమ్మెట ఎత్తుకపోయింది.
రెక్కల సందున ఒక వానపాము
ఎండకు ఉలిక్కిపడ్డది.

గల్లీ గల్లంతా వచ్చి నిలబడ్డది.
"ఏడొందల ఏండ్ల కిందిది" అన్నడు పంతులు.
"ఆఫీసోళ్ళకు చెప్పాలె."
"చెప్తే ఇల్లు లేపుతరు."

నేను మాత్రం ఆమెను తలుచుకుంటున్న.
కోట కూలి, పొగ చల్లారినంక
చంకల బిడ్డతోని తిరిగొచ్చిన ఎవతో ఒకామె.
పొయ్యికి మూడు రాళ్ళు ఏరుకున్నది,
గోడకు కొన్ని.
ఆఖరికి ఈ పలకను ఈడ్చుకొచ్చి
హంసల దిక్కు ఒక్కసారి చూసి ఉంటది,
నున్నటి దిక్కు పైకి పెట్టుకున్నది.
కోపం కాదు, మరుపు కాదు.
బిడ్డ గుడ్డలు ఉతకాలె.

"ఎట్ల పెట్టమంటవక్కా?" అడిగిండు ఓదెలు.
"ఎట్లున్నదో అట్లనే."

సందుల పొంటి నడుస్తుంటే ఇప్పుడు
కాళ్ళకు భయమైతున్నది.
మేకల తొట్టి, సైకిల్ దుకాణం మెట్టు,
మోరీ మీది మూత,
అన్నీ మొఖం మన్నుల పెట్టుకొని
బోర్లా పడుకున్నట్టే ఉన్నయి.

తెల్లారి అంగీ పిండి చెయ్యి లేపిన,
గాలిలనే ఆగింది.
జరసేపే.
మురికి ఆగదు కదా, ఉతికిన.

కొత్త నల్లాల మొదటి నీళ్ళు
ఎర్రగా, కోటమన్ను రంగున వచ్చినయి.
తాగనికి పనికిరావు.
ఒక బిందె పట్టి
బండ కిందికి పారనిచ్చిన.